కార్వాన్ దారిలో దమ్మిడీ మసీదు

గోల్కొండ కోట నుంచి పురానాపూల్ వైపు వెళ్లే పాత దారిలో కార్వాన్ తగులుతుంది. కుతుబ్‌షాహీల నాడు వర్తకుల బిడారులు దిగిన చోటు, వజ్రాల బేరాలు తెగిన చోటు. అక్కడే ఎత్తయిన అరుగు మీద ఉంది టోలీ మసీదు. చార్మినార్ చూడ్డానికి వచ్చినవాళ్లలో ఇక్కడిదాకా వచ్చేవాళ్లు తక్కువ.

కట్టించింది మూసాఖాన్ మహల్దార్, అబ్దుల్లా కుతుబ్‌షా కొలువులో పలుకుబడి గల అధికారి. హిజ్రీ 1082లో, అంటే 1671లో కట్టారు. గోల్కొండలోని మూసా బురుజు పేరు కూడా ఆయనదే. ఈ మసీదును జనం దమ్మిడీ మసీదు అనీ అంటారు. మక్కా మసీదు పనులు చూసినందుకు ఖర్చయిన ప్రతి రూపాయికీ ఒక దమ్మిడీ మూసాఖాన్‌కు ముట్టేదట. ఆ దమ్మిడీలన్నీ కూడబెట్టి దీన్ని లేపాడట. ఇది చెప్పుకునే మాటే తప్ప దస్తావేజు కాదు. అయినా మక్కా మసీదు ఖర్చు తలచుకుంటే నమ్మబుద్ధవుతుంది. 1617లో మొదలైన ఆ పని కుతుబ్‌షాహీలు పోయాక, 1694లో ఔరంగజేబు హయాంలో గానీ ముగియలేదు. అందులో ఒక్క రాయిని లాగడానికే 1400 ఎడ్లు కావాల్సి వచ్చాయని ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే రాశాడు.

అక్కడ బరువంతా రాతిది. ఇక్కడ గొప్పంతా గచ్చు పనిది, నా ఓటు దీనికే. ముందు హాలుకు ఐదు కమానులు, లోపలి హాలుకు మూడు. ముఖభాగానికి రెండు చివరలా రెండు మినార్లు. వాటిని కింద నుంచి పైదాకా చూస్తూ పోతే కన్ను ఒక్కచోట ఆగదు, అంచె అంచెకూ అల్లిక మారిపోతుంది. కమానుల భుజాల మీద విచ్చిన తామరలు, చూరు కింద దన్నుగా రాతి మోపులు, సన్నని జాలీలు. ఆ తామరల తీరు చూస్తే గుళ్ల పనిలో చెయ్యి తిరిగిన మేస్త్రీలే ఇక్కడా తాపీ పట్టారేమో అనిపిస్తుంది.

మసీదు కట్టిన మరుసటి ఏడే అబ్దుల్లా కన్నుమూశాడు. 1687లో గోల్కొండే పడిపోయింది. అంటే ఇది ఆ వంశం చివరి రోజుల పనితనం. అయినా చెయ్యి ఎక్కడా సడలలేదు.

చూడాలనుకునేవాళ్లు పొద్దున్నే వెళ్లండి. నమాజుకు తిరిగే దిక్కు ఖిబ్లా ఇక్కడ పడమట కాబట్టి ముఖభాగం తూర్పుకు తిరిగి ఉంటుంది, ఏటవాలు ఎండలో గచ్చు పని అంతా లేచి కనిపిస్తుంది. మరమ్మతులు తలపెట్టే పెద్దలకు ఒక విన్నపం. పూత మీద పూతగా సున్నం వేస్తే తామర రేకులు పూడిపోతాయి, సిమెంటు పూస్తే లోపలి చెమ్మ బయటికి రాక గచ్చు పెచ్చులూడుతుంది. డంగు సున్నం పని తెలిసిన మేస్త్రీని వెతికి పిలిపించాకే పరంజా కట్టించండి.