పొగమంచులో దాగిన హంతకుడు

క్రీ. శ. 1888వ సంవత్సరము ఆగస్టు మొదలు నవంబరు వరకు లండను నగరపు తూర్పు భాగమున, వైట్‌చాపెల్ ప్రాంతములో, ఐదుగురు నిరుపేద స్త్రీలు ఒకరి వెంట నొకరు హత్య గావింపబడిరి. ‘జాక్ ది రిప్పర్’ అను పేరు పత్రికలలో మారుమ్రోగినది. దర్యాప్తు కాగితములు పెరిగినవే కాని మనిషి చిక్కలేదు. నేటికిని ఆ చిక్కు విడలేదు.

ఈ యుదంతము నాధారముగా గొని మేరీ బెల్లాక్ లౌండెస్ అను రచయిత్రి 1913లో ‘ది లాడ్జర్’ అను నవలను వెలువరించెను. ఆమె కథను పోలీసు ఠాణాలో గాక, గది అద్దెకిచ్చి పొట్టపోసికొను దంపతుల ఇంటిలో నిలిపినది. అర్ధరాత్రి వెలుపలికి పోవు ఆ కొత్తమనిషి యెవరో ఇల్లాలికి అనుమానమే. కాని అద్దె సొమ్ము పోయిన పూట గడచుటెట్లు? ఆమె మౌనమే నవలకు ప్రాణము.

ముప్పదియేండ్లు నిండని ఆల్‌ఫ్రెడ్ హిచ్‌కాక్ 1926లో దీనిని మూకీ చిత్రముగా తీసెను. మేడమీద అద్దెమనిషి పచారు చేయుచున్నాడు. క్రింది వారికి అడుగుల సవ్వడి వినబడవలెను. చిత్రమునకు నోరు లేదే! దర్శకుడు దళసరి గాజుపలకను నేలగా అమర్చి, నటుని దానిపై నడిపించి, క్రిందినుండి చిత్రించెను. దీపము ఊగును, పైకప్పులో పాదములు కనబడును. వినవలసినదానిని ప్రేక్షకుడు కన్నులతో వినును.

పంపిణీదారునకు చిత్రము రుచింపక మూలబడినది. పిమ్మట ఐవర్ మాంటేగు అను యువకుడు మూడువందలకు పైబడిన వ్రాతఫలకములను ఎనుబదికి తగ్గించి కూర్పు సవరించగా, 1927లో విడుదలయి ఘనవిజయము నందెను.

అద్దెమనిషి హంతకుడో కాదో తేలకుండ కథ ముగియవలెనని హిచ్‌కాక్ కోరిక. కాని ఆ వేషధారి ఐవర్ నొవెలో. నాటి జనుల ఆరాధ్యనటుడు. అతడు హంతకుడగుట యెట్లు? కావున నిర్దోషియైనాడు. కథకు నష్టమే యనవచ్చును. అయినను ఆ రాజీనుండియే చిత్రములోని మేటి ఘట్టము పుట్టినది. చేతులకు సంకెళ్లతో పారిపోవుచు అతడు ఇనుపకమ్ములకు చిక్కుకొని వ్రేలాడును. అతనిని చంపుటకు గుంపు పైబడును. అసలు దోషి పట్టుబడిన వార్త వచ్చుటచే ప్రాణము దక్కును. ఆ దోషి ముఖము మనకు చూపబడదు.

ఈ గుంపు కల్పన మాత్రము కాదు. 1888 సెప్టెంబరులో జాన్ పైజర్ అను పాదరక్షల పనివానిపై అనుమానము పుట్టినది. అతడు వీధిలోనికి వచ్చిన జనులు చీల్చివేయుదురను భయమున బంధువుల ఇంట దాగెను. పోలీసులు పట్టుకొని, విచారించి, ఏ పాపము నెరుగడని విడిచిరి. అతడు మరణవిచారణ న్యాయస్థానమున నిలిచి, తాను నిర్దోషినని అందరియెదుట చెప్పుకొనవలసి వచ్చెను.