మీ ఇంటిపేరు... మీవాళ్ళు వదిలొచ్చిన ఊరి పేరేనా?

మొదలుపెట్టే ముందు ఒక చిన్న పని చేయండి. మీ ఫోన్‌లో కాంటాక్ట్స్ తెరిచి ఓ పది పేర్లు చూడండి. కె. రమేష్, పి. లావణ్య, శ్రీను మెకానిక్... ఇలా ఉంటాయి కదా? ఆ "కె" అంటే ఏంటి అని రమేష్‌ని ఎప్పుడైనా అడిగారా? కందుకూరి కావచ్చు, కాకర్ల కావచ్చు, కొండపల్లి కావచ్చు. ఒక ఊరు, ఒక ప్రయాణం, నాలుగైదు తరాల కథ. అదంతా ఇప్పుడు ఒక అక్షరం, పక్కన ఒక చుక్క. ఈరోజు ఆ చుక్క వెనకాల ఏముందో చూద్దాం.

ముందు ఒకసారి స్కూల్‌కి వెళ్ళొద్దాం. తెలుగు వ్యాకరణంలో "ఇ, టి, తి ఔపవిభక్తికాలు" అని బట్టీ పట్టాం, గుర్తుందా? పరీక్ష అయిపోగానే మర్చిపోయాం. కానీ మనలో చాలామంది ఆ పాఠాన్ని పేరు ముందు పెట్టుకుని తిరుగుతున్నాం. "ఇల్లు పేరు" అనం, "ఇంటిపేరు" అంటాం. ఊరు అనే మాట "ఊరి" అవుతుంది, ఏరు "ఏటి" అవుతుంది. అంటే "దానికి చెందిన" అని అర్థం వస్తుంది.

ఇప్పుడు ఇంటిపేర్లు చూడండి. టంగుటూరు నుంచి టంగుటూరి. కందుకూరు నుంచి కందుకూరి. పాములపాడు నుంచి పాములపాటి. పామర్రు నుంచి పామర్తి. అన్నవరం నుంచి అన్నవరపు. "పల్లి" అని ముగిసే ఊళ్ళకి ఈ మార్పు అక్కర్లేదు, సర్వేపల్లి అలాగే ఉండిపోతుంది. అంటే టంగుటూరి ప్రకాశం అన్నప్పుడు మనం చెబుతున్నది "టంగుటూరు వాళ్ళ ప్రకాశం" అని. అందుకే మనకి ఇంటిపేరు ముందు, సొంత పేరు తర్వాత. మన భాషలో "మా ఊరి చెరువు" అంటాం గానీ "చెరువు మా ఊరి" అనం కదా, అంతే.

సరే, ఇక్కడ ఒక తమాషా ఉంది. ప్రకాశం పంతులు గారు 1872లో పుట్టింది టంగుటూరులో కాదు, ఒంగోలు దగ్గర వినోదరాయునిపాలెంలో. వీరేశలింగం గారు 1848లో పుట్టింది రాజమండ్రిలో, వాళ్ళ పూర్వీకులు కందుకూరు నుంచి అక్కడికి వలస వెళ్ళారు. సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు పుట్టింది ఇప్పుడు తమిళనాడులో ఉన్న తిరుత్తణిలో, సర్వేపల్లి మాత్రం నెల్లూరు దగ్గర. ఇంకా వెనక్కి వెళ్తే త్యాగరాజు. 1767లో తిరువారూరులో పుట్టాడు, కావేరీ తీరాన తిరువైయారులో బతికాడు. ఇంటిపేరేమో కాకర్ల. ఆ కాకర్ల ఊరు కంభం ప్రాంతంలో ఉంది.

గమనించారా? నలుగురిలో ఎవరూ ఇంటిపేరు చెప్పే ఊళ్ళో పుట్టలేదు. ఇది యాదృచ్ఛికం కాదు. టంగుటూరులో ఉన్నప్పుడు "టంగుటూరి వాళ్ళు" అంటే ఎవరు? ఊరంతా టంగుటూరి వాళ్ళే! ఆ పేరుతో పని పడేది ఇంకో ఊరు వెళ్ళాకే. కొత్త ఊళ్ళో "వీళ్ళెవరు?" అంటే "ఫలానా ఊరి నుంచి వచ్చారు" అని చెబుతారు. అది నిలిచిపోతుంది. అంటే ఊరి మీద వచ్చిన ఇంటిపేరు చాలావరకు మీవాళ్ళు ఉన్న ఊరు కాదు, వదిలొచ్చిన ఊరు. కరువో, యుద్ధమో, కొలువో, పెళ్ళో... ఎందుకు వదిలారో పేరు చెప్పదు. కానీ ఎక్కడి నుంచి బయల్దేరారో పట్టుకుని ఉంటుంది. త్యాగరాజు కుటుంబం తంజావూరు సీమలో తరాలు గడిపినా కాకర్ల పోలేదు చూడండి.

అన్నీ ఊళ్ళే కాదు లెండి. కొన్ని పూర్వీకుడి పేరు మీద వచ్చాయి. అక్కినేని లాంటి వాటిలో ఆ "నేని" నాయకుడు అనే అర్థమున్న మాటే. కొన్ని జంతువులు, చెట్లు, వస్తువులు: పులి, మేకల, తోట, చింత, ఉప్పు. వీటికి ప్రతి ఇంట్లో ఒక కథ చెబుతారు, మా తాత పులిని చంపాడు అని. నిజమే కావచ్చు, తర్వాత అల్లుకున్నదీ కావచ్చు. వినండి, రాసుకోండి, తొందరపడి ఖాయం చేసేయకండి.

ఇప్పుడు కొంచెం ఇబ్బందిగా ఉండే విషయం. "మీ ఇంటిపేరేంటి బాబూ?" అని కొత్తవాళ్ళు అడిగారనుకోండి. చాలాసార్లు అది ఇంటిపేరు గురించిన ప్రశ్న కాదు. "మీరేమిట్లు?" అనే ప్రశ్నకి మర్యాద చొక్కా తొడిగారన్నమాట. కానీ ఊరి నుంచి వచ్చిన ఇంటిపేరుకి కులం తెలియదు. ఒకే ఊరు వదిలిన కమ్మరికి, బాపనయ్యకి, రైతుకి, కూలీకి ఒకే ఇంటిపేరు రావచ్చు. వచ్చింది కూడా. అందుకే ఒకే ఇంటిపేరు వేరువేరు కులాల్లో కనిపిస్తుంది. మతం మారినా అది పోలేదు. గుర్రం జాషువా గారి పేరు చూడండి. జాషువా బైబిల్ నుంచి వచ్చింది, గుర్రం అచ్చ తెలుగు.

మరి అందరి ఇంటిపేరుకీ ఒకే గౌరవం దొరికిందా? లేదు. 1940ల్లో పాలకుర్తిలో తన భూమి కోసం, పంట కోసం దొరకి ఎదురు నిలబడిన ఐలమ్మ మనందరికీ తెలుసు. చాకలి ఐలమ్మ అంటాం. ఆమె ఇంటిపేరు చిట్యాల. ఆమె ఎదిరించిన దొరని మాత్రం విసునూరు దేశ్‌ముఖ్ అంటాం, అంటే ఊరి పేరుతో. దొరకి ఊరు, ఐలమ్మకి కులం. 2024లో హైదరాబాద్ కోఠిలోని మహిళా విశ్వవిద్యాలయానికి పెట్టింది కూడా చాకలి ఐలమ్మ అనే పేరే. ఆ మాటని గర్వంగా చెప్పుకునేవాళ్ళున్నారు, ఆ గర్వానికి కారణం ఉంది. బట్టలు ఉతికే ఇంటి నుంచి వచ్చిన మనిషి దొరని ఎదిరించింది అని చెప్పడమది. అది వాళ్ళ హక్కు. నేను అడిగేది ఒక్కటే. ఆమెకి ఒక ఇంటిపేరు ఉందని మనలో ఎంతమందికి తెలుసు?

ఐలమ్మ అనే పేరు కూడా ఊరికే రాలేదు. వరంగల్ దగ్గర ఐనవోలు మల్లన్న ఉన్నాడు, జనం నోట ఐలోని మల్లన్న. ఐలయ్య, ఐలమ్మ ఆ దేవుడి పేర్లే. మన అమ్మమ్మలు, తాతల పేర్లు ఇలా మ్యాప్‌లాగా ఉంటాయి. కొమురయ్య అంటే కొమురవెల్లి. యాదయ్య, యాదమ్మ అంటే యాదగిరిగుట్ట. ఓబులేసు అంటే అహోబిలం. పెంచలయ్య అంటే నెల్లూరు వైపు పెంచలకోన. పైడిరాజు అంటే విజయనగరం పైడితల్లి. అప్పలస్వామి, అప్పలనర్సమ్మ అంటే సింహాచలం అప్పన్న. సైదులు అంటే జాన్‌పహాడ్ దర్గా, హిందువుల ఇళ్ళల్లో కూడా ఆ పేరు పెడతారు. ఆధార్ కార్డు చూడకుండానే మనిషి ఏ వైపువాళ్ళో చెప్పేయొచ్చు.

ఇంకొన్ని పేర్లున్నాయి. పెంటయ్య, పుల్లయ్య, భిక్షమయ్య. మనం నవ్వుతాం. సినిమాల్లో కామెడీకి వాడతారు. అవి ఎలా వచ్చాయో తెలిస్తే నవ్వు ఆగిపోతుంది. పుట్టిన పిల్లలు వరసగా చనిపోతుంటే, తర్వాత పుట్టిన బిడ్డనైనా దక్కించుకోవాలని పెంటకుప్ప మీద పడుకోబెట్టి తెచ్చుకునేవాళ్ళు. ఎంగిలి విస్తళ్ళ మీద, అంటే పుల్లాకుల మీద దొర్లించేవాళ్ళు. భిక్షం ఎత్తి పెంచేవాళ్ళు. పనికిరాని పేరు పెడితే చావు కూడా ఈ బిడ్డని పట్టించుకోదని ఆశ. మీ ముత్తాత పేరు పుల్లయ్య అయితే, ఆయనకి ముందు కొందరు పిల్లలు పోయి ఉండొచ్చు. మీరు పుట్టడానికి కారణం ఆ పుల్లయ్య బతకడమే.

ఇప్పుడు ఈ పేర్లు పోతే ఏమవుతుందో చూద్దాం. 1860 నవంబర్ 16న "ట్రూరో" అనే ఓడ మద్రాసు నుంచి కూలీలతో దక్షిణాఫ్రికాలోని డర్బన్ చేరింది. చెరకు తోటల్లో పని. 1911 దాకా అలా ఓడలు వెళ్తూనే ఉన్నాయి, వాటిలో తెలుగువాళ్ళు చాలామంది. ఓడ రిజిస్టర్‌లో ఒక నంబరు, పేరు, తండ్రి పేరు, కులం, ఊరు, జిల్లా రాసుకునేవాళ్ళు. ఇంటిపేరుకి గడి లేదు. దాంతో తర్వాతి తరాలకి తాత సొంత పేరో, నాయుడు లాంటి మాటో ఇంటిపేరు అయిపోయింది. అక్కడ అప్పలసామి అనే ఇంటిపేరు ఇప్పటికీ ఉంది. ఆలోచించండి, అది సింహాచలం అప్పన్న పేరు. ఇంటిపేరు ఓడ ఎక్కలేదు, దేవుడి పేరు మాత్రం సముద్రం దాటి ఇంటిపేరయింది. ఆ కుటుంబాలవాళ్ళు ఇవాళ మూలాలు వెతుక్కుంటే పాత రిజిస్టర్లే దిక్కు.

మనం ఏ ఓడా ఎక్కలేదు. అయినా అదే పని చేస్తున్నాం. ఫారంలో "ఫస్ట్ నేమ్, లాస్ట్ నేమ్" అంటే ఏది ఎక్కడ రాయాలో తెలియక తికమకపడతాం. ఒక కార్డులో అక్షరం, ఇంకో కార్డులో పూర్తి పేరు, చివరికి రెండూ కలవవు. ఇక ఆడవాళ్ళ సంగతి? పెళ్ళితో ఇంటిపేరు మారిపోతుంది. అమ్మ పుట్టింటి పేరు మనకి తెలుసు. అమ్మమ్మ పుట్టింటి పేరు? అమ్మమ్మ వాళ్ళమ్మది? అక్కడికి చాలామందిమి ఆగిపోతాం. అంటే మన చరిత్రలో సగం ఇప్పటికే పోయింది.

కాబట్టి ఈ వారం ఒక పని చేయండి. ఇంట్లో అందరికన్నా పెద్దవాళ్ళ దగ్గర కూర్చుని, ఫోన్‌లో రికార్డింగ్ ఆన్ చేసి మూడు ప్రశ్నలు అడగండి. "అమ్మమ్మా, నీ పుట్టింటి పేరేంటి? మీవాళ్ళు ఏ ఊరి నుంచి వచ్చారు? నీకు ఈ పేరు ఎందుకు పెట్టారు?" అంతే. ఆవిడకి ముందు నవ్వొస్తుంది, "ఇప్పుడెందుకే అవన్నీ" అంటుంది. తర్వాత గంటసేపు చెబుతుంది. ఎవరి కులమో పసిగట్టడానికి కాదు, ఎవరు ఎంత దూరం నడిచి వస్తే మనం ఇక్కడున్నామో తెలుసుకోవడానికి.

మీకు ఏం తెలిసిందో కామెంట్లో రాయండి, అక్షరం చుక్క కాకుండా పూర్తి ఇంటిపేరుతో. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.