యాకోబు, యాకూబు, యాకయ్య

యాకోబు అనే హీబ్రూ పేరుకు అర్థం మడమ పట్టుకున్నవాడు. ఇంకాస్త లోతుకు పోతే, కాలు అడ్డం పెట్టి పడగొట్టినవాడు, ఒకరి చోటు లాక్కున్నవాడు. పిల్లల పేర్ల పుస్తకాలు తిరగేసే తల్లిదండ్రులు ఈ మాట దగ్గర ఉలిక్కిపడతారు. కొడుకు పేరులో తేజస్సో విజయమో ఉండాలి గానీ మోసగాడనే పేరేమిటని పేజీ తిప్పేస్తారు. కానీ లోకం తిప్పలేదు. 1999 నుంచి 2012 దాకా ఏటా అమెరికాలో మగపిల్లలకు అందరికంటే ఎక్కువగా పెట్టిన పేరు జేకబ్, అంటే ఇదే. మా బాన్సువాడ వైపు ఒకే బజారులో యాకోబూ దొరుకుతాడు, యాకూబూ దొరుకుతాడు. ఇద్దరిదీ ఒక్క పేరేనని ఆ ఇద్దరికీ తట్టి ఉండకపోవచ్చు.

మడమ కథ బైబిల్లోని ఆదికాండంలోది. ఇస్సాకు భార్య రిబ్కాకు కవలలు పుట్టారు. మొదట బయటికి వచ్చినవాడు ఏశావు, ఎర్రగా, ఒళ్లంతా రోమాలతో. వెనకే వచ్చినవాడి చెయ్యి అన్న మడమను పట్టుకుని ఉంది. హీబ్రూలో మడమను 'అకేవ్' అంటారు, అందుకని వాడు 'యాకోవ్' అయ్యాడు. పెద్దయ్యాకా ఆ పట్టు వదల్లేదు. ఆకలితో ఇంటికొచ్చిన అన్నకు ఒక పూట వంటకం పెట్టి జ్యేష్ఠత్వం కొనేశాడు. ఆ తర్వాత, చూపు మందగించిన తండ్రి ముందుకు మేకపిల్లల తోలు చేతులకు చుట్టుకుని వెళ్లి, నేనే ఏశావునని చెప్పి, అన్నకు రావలసిన దీవెన కొట్టేశాడు. వీడికి ఆ పేరు తగిందే, రెండుసార్లు నన్ను ముంచాడని ఏశావు గోలపెట్టింది 27వ అధ్యాయంలో. అంటే పేరు మీద ఈ ఎత్తిపొడుపు తర్వాతి పండితులు కల్పించింది కాదు, మూలగ్రంథంలోనే ఉంది.

ఆ పూట వంటకం గురించి ఒక మాట. మన పాత తెలుగు బైబిల్లో అది చిక్కుడుకాయల వంటకం. హీబ్రూ మూలంలో ఉన్నది మాత్రం పప్పు, మనం కిరాణా కొట్లో మైసూర్ పప్పు అని అడిగి తెచ్చుకునే జాతి. ఏశావు దాన్ని ఎర్రగా ఉన్నదని పిలవడం అప్పుడు గానీ అర్థం కాదు. ఆదివారం బడిలో కూర్చున్న పిల్లలు ఎన్ని తరాలుగా ఎర్రటి చిక్కుడుకాయ కూరను ఊహించుకోవడానికి తంటాలు పడ్డారో!

మన భాషలో మడమకు అంత చెడ్డపేరు లేదు. మాట తప్పడు, మడమ తిప్పడు అంటే మెచ్చుకోలే. ఎన్నికల సభల్లో ఆ మాట అరిగిపోయింది కూడా. కాలు సంగతికొస్తే తెలుగు రెండు రకాలుగా మాట్లాడుతుంది. కాలు పట్టి లాగితే ద్రోహం, కాళ్లు పట్టుకుంటే వేడుకోలు. యాకోబు ఈ రెండూ చేశాడు. అన్నకు భయపడి పారిపోయి మేనమామ లాబాను ఇంట చేరాడు. మేనమరదలు రాహేలు మీద మనసుపడి, ఆమె కోసం ఏడేళ్లు గొర్రెలు కాశాడు. పెళ్లినాటి రాత్రి గడిచి తెల్లవారి చూసుకుంటే పక్కన ఉన్నది రాహేలు కాదు, అక్క లేయా. పెద్దపిల్ల ఉండగా చిన్నపిల్లకు చెయ్యడం మా ఊరి ఆచారం కాదన్నాడు మేనమామ. పెద్దవాణ్ణి తోసి ముందుకొచ్చిన చిన్నవాడికి ఆ మాట ఎక్కడ తగలాలో అక్కడే తగిలి ఉంటుంది. రాహేలు కోసం ఇంకో ఏడేళ్లు. మేనరికం, ఇల్లరికం రెండూ తెలిసిన తెలుగువాళ్లకు ఈ కథలో వివరించాల్సింది ఏమీ లేదు. ఇరవై ఏళ్ల తర్వాత తిరిగొచ్చి, అన్న ఎదురైతే ఏడుసార్లు నేలకు వంగి దండం పెట్టాడు. కాలు లాగినవాడే కాళ్ల మీద పడ్డాడు. ఏశావు పరుగెత్తుకొచ్చి కౌగిలించుకున్నాడు.

ఆ కలయికకు ముందు రాత్రి, యబ్బోకు రేవు దగ్గర తెల్లవార్లూ ఒకడితో పెనుగులాడి, తుంటి జారి, ఇశ్రాయేలు అనే కొత్త పేరు పొందాడు. విచిత్రం ఏమిటంటే, యాకోబు తాత అబ్రాము అబ్రాహాము అయ్యాక పాత పేరు మళ్లీ వాడుకలోకి రాలేదు. యాకోబుకు అలా జరగలేదు. దేవుడి మనిషి ఇచ్చిన బిరుదు ఒకవైపు, మంత్రసాని చూసిన మడమ ఒకవైపు. కథ చివరిదాకా రెండూ నడిచాయి. జనం నోట్లో ఎక్కువ నిలిచింది మడమే.

నిజానికి భాషాశాస్త్రజ్ఞుల్లో చాలామంది మడమ కథను పేరు పుట్టాక అల్లిన వ్యుత్పత్తిగానే చూస్తారు. మన స్థలపురాణాల్లో ఊరి పేరుకు ముందు కథ పుట్టిందో, కథకు ముందు పేరు పుట్టిందో తేలనట్టే. ఈ పేరు అసలు 'యాకోబ్-ఏల్' అయి ఉండాలని, చివరి 'ఏల్' అంటే దేవుడు రాలిపోయాడని వాళ్ల వాదం. ఇథియోపియా ప్రాచీన భాష గీజ్‌లో ఇదే ధాతువుకు కాపాడడం అని అర్థం. అప్పుడు పేరు మొత్తానికి 'దేవుడు కాపాడుగాక' అనే భావం వస్తుంది. ఈజిప్టును హిక్సోసులు ఏలిన కాలపు ముద్రికల మీద యాకుబ్-హర్ అనే రాజు పేరు కనిపిస్తుంది, కాబట్టి పేరు కవలల కథకు బయట కూడా బతికిందే. నాకు ఈ వాదమే నమ్మదగ్గదిగా తోస్తుంది. ఏ తల్లీ పురిట్లోనే బిడ్డను దొంగ అనదు. అలా అని మడమను కొట్టిపారెయ్యలేం. దేవుడు కాపాడుగాక అని మాత్రమే ఉంటే అది వంద పేర్లలో ఒక పేరై పోయేది.

తెలుగులోకి ఈ పేరు రెండు దారుల్లో వచ్చింది. ఒకటి బైబిలు దారి. 1818లో తెలుగు కొత్త నిబంధన అచ్చయింది. మన అనువాదకులు ఇంగ్లీషు 'జ'ను పట్టుకోలేదు. జాన్ యోహాను అయ్యాడు, జోసెఫ్ యోసేపు, జెరూసలేం యెరూషలేము. ఈ విషయంలో తెలుగు బైబిలు ఇంగ్లీషు కంటే హీబ్రూ నోటికి దగ్గర. చివర మాత్రం మన ఉకారం తగిలించారు, హల్లుతో ఆగడం తెలుగు నోటికి ఇష్టం ఉండదు కనుక. బాన్స్‌వాడ అని బోర్డు రాసేవాళ్లు కొందరుంటే, బాన్సువాడ అని రాసేవాళ్లు కొందరున్నది అందుకే. ఊరికి సు తగిలించిన నోరే యాకోబుకు బు తగిలించింది.

తెలుగు బైబిలు ఇంకో మేలు చేసింది. హీబ్రూ యాకోవ్ గ్రీకులో యాకోబొస్, లాటిన్లో యాకోబుస్, తర్వాత యాకోముస్. ఈ ముస్ నుంచే ఇంగ్లీషుకు జేమ్స్ వచ్చాడు. స్పానిషులో సంత్ యాగో కలిసిపోయి శాంతియాగో అయ్యాడు. ఫ్రాన్సులో జాక్, పారిస్‌లో ఆ పేరున్న వీధిలో మొదట మఠం పెట్టుకున్న సన్యాసులు జాకొబిన్లు, వాళ్ల ఇంకో మఠంలో సమావేశమైన విప్లవకారులకూ అదే పేరు అంటుకుంది. పక్కనే కేరళలో చాకో. ఇంగ్లీషువాడు పాత నిబంధనలో జేకబ్ అని, కొత్త నిబంధనలో జేమ్స్ అని రాసుకుని ఒకే పేరును రెండు చేసుకున్నాడు. తెలుగులో పితరుడూ యాకోబే, కొత్త నిబంధనలో పత్రిక రాసినవాడూ యాకోబే. ఆ లెక్కన ఇంగ్లీషువాళ్లు గొప్పగా చెప్పుకునే కింగ్ జేమ్స్ బైబిల్ మన భాషలో యాకోబు రాజు బైబిల్.

రెండో దారి అరబ్బీది. ఖురాన్‌లో యాకూబ్ ప్రవక్త. అక్కడ మడమ లేదు, పప్పు లేదు, మేకతోలు లేదు. అక్కడి యాకూబ్, యూసుఫ్‌ను పోగొట్టుకున్న తండ్రి. కొడుకు కోసం ఏడ్చి ఏడ్చి కళ్లు తెల్లబడ్డా ఓర్పు విడువనివాడు. చివరికి కొడుకు పంపిన చొక్కా ముఖం మీద వేస్తే చూపు తిరిగొచ్చింది. ముస్లిం ఇళ్లలో యాకూబ్ అని పెట్టుకుంటే మనసులో మెదిలేది ఈ తండ్రే. 'ప్రవహించే జ్ఞాపకం' రాసిన కవి యాకూబ్ పేరు వినగానే తెలుగు పాఠకుడికి హీబ్రూ గుర్తుకు రాదు, రావలసిన పనీ లేదు.

ఈ రెండో దారి వరంగల్ జిల్లా పర్వతగిరి మండలంలో ఒక మలుపు తిరిగింది. అక్కడి అన్నారం షరీఫ్‌లో యాకూబ్ షహీద్ దర్గా ఉంది. పిల్లలు లేనివాళ్లు, పుట్టిన పిల్లలు దక్కనివాళ్లు, హిందువులూ ముస్లింలూ అని లేకుండా వెళ్లి మొక్కుకుంటారు. కోరిక తీరితే కందూరు చేస్తారు. మేకను కోసి, అక్కడే వండి, బంధువులకు పెట్టి, పుట్టిన బిడ్డకు బాబా పేరు పెడతారు. ఉమ్మడి వరంగల్, ఖమ్మం, నల్లగొండ వైపు యాకయ్యలు, యాకమ్మలు, యాకన్నలు, యాకస్వాములు, యాకలక్ష్ములు, యాకూబ్‌రెడ్లు ఇలా పుట్టుకొచ్చినవాళ్లే. మస్తానయ్య, సైదులు, హుస్సేనమ్మ, పీరమ్మ కూడా ఇదే బాట మనుషులు, కానీ వాళ్లెవరి పేరుకూ ఇంత దూరపు పుట్టుక లేదు.

యాకయ్యను కాసేపు విడదీసి చూద్దాం. సెమిటిక్ భాషల్లో మాటకు మూడు హల్లులు వెన్నెముక. ఈ పేరుకు అవి గొంతు లోపలి నుంచి పలికే 'ఐన్', కొండనాలుక దగ్గర పలికే 'ఖాఫ్', చివర 'బ'. ముందున్న 'య' ధాతువులోది కాదు, 'అతడు' అని చెప్పే క్రియా చిహ్నం. ఐన్ తెలుగు నోటికి లేదు, కాబట్టి పోయింది, దాని గుర్తుగా దీర్ఘం మిగిలింది. కొండనాలుక హల్లు మామూలు 'క' అయింది. అయ్య వచ్చి చేరగానే 'బ' జాగా ఖాళీ చేసింది. మూడు హల్లుల్లో మిగిలింది ఒక్క 'క'. మడమ అనే అర్థాన్ని అందులో వెతికితే దొరకదు. యాకలక్ష్మిలో అయితే హీబ్రూ క్రియా చిహ్నం, ధాతువు ముక్క, సంస్కృత దేవత ఒకే పిల్ల పేరులో సర్దుకున్నారు. ఏ వ్యాకరణమూ ఒప్పుకోని సమాసం అది, అంగన్‌వాడీ రిజిస్టరు ఒప్పుకుంది.

మా వైపు యాకయ్యలు తక్కువ. అన్నారం మాకు దూరం. మొక్కులకు మాకు వర్ని దగ్గరి బడాపహాడ్ ఉంది, సయ్యద్ సాదుల్లా హుస్సేనీ దర్గా, జనం నోట పెద్దగుట్ట. కందూరు అక్కడా ఉంది, మేకలతో ఆటోలెక్కే కుటుంబాల్లో హిందువులూ ఉంటారు. ఆ గుట్ట మీది బాబా పేరు యాకూబ్ అయి ఉంటే మా దగ్గరా యాకయ్యలు పుట్టేవాళ్లు, అమ్మాయి మాత్రం యాకమ్మ కాదు. గంగవ్వ, పోశవ్వ, సాయవ్వల సీమ ఇది, యాకవ్వ అనేవాళ్లం.

అర్థం చూసి పేరు పెట్టడం మనకు కొత్త అలవాటు. పుట్టిన పిల్లలు దక్కకపోతే తర్వాతి బిడ్డను పెంటకుప్ప మీద పడుకోబెట్టి పెంటయ్య అని పిలిచిన ఊళ్లు ఇవి. చావుకు అసహ్యం పుట్టించే పేరు పెట్టి బిడ్డను దక్కించుకోవడం ఆ తల్లుల ఎత్తుగడ. వాళ్ల ముందు మడమ ఒక లెక్కా? పేరుకు విలువ ఇచ్చింది మాట అర్థం కాదు, ఎవరిని తలచుకుని పెట్టారన్నది. పితరుణ్ణి తలచుకుంటే యాకోబు, ఓర్పుగల తండ్రిని తలచుకుంటే యాకూబు, బిడ్డనిచ్చిన బాబాను తలచుకుంటే యాకయ్య.

గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గరి కొత్తరెడ్డిపాలెంలో ఈ తలపు ఇంకా ముందుకు పోయింది. అక్కడ కొన్ని మాదిగ కుటుంబాలు తాము యాకోబు మనవడు ఎఫ్రాయిము సంతతి అని ప్రకటించుకుని, క్రైస్తవం నుంచి యూదు ఆచారాలకు మళ్లి, 1991లో ప్రార్థనామందిరం పెట్టుకున్నాయి. బెనే ఎఫ్రాయిము అని పిలుచుకునే ఆ సమాజాన్ని నడిపించిన కుటుంబం పేరు యాకోబి. ఆ వాదన చరిత్రకు ఎంతవరకు నిలుస్తుందన్నది వేరే చర్చ. ఊరి చివర నిలబెట్టిన మనుషులు తమకొక తాతను ఎంచుకున్నారు, ఎంచుకున్నది కూడా రెండోవాడిగా పుట్టి ముందుకు వచ్చినవాణ్ణి. ఇక్కడ మాత్రం మడమ అర్థం బతికే ఉందనిపిస్తుంది నాకు.

ఇప్పుడు కాగితాల కాలం. రేషన్ కార్డులో యాకోబు, పదో తరగతి సర్టిఫికెట్‌లో జేకబ్, ఆధార్‌లో ఇంగ్లీషు వై అక్షరంతో ఒక తీరు, బ్యాంకు పుస్తకంలో జే అక్షరంతో ఇంకో తీరు. కౌంటర్ అవతలివాడు ఈ ఇద్దరూ ఒకరే అని అఫిడవిట్ తెమ్మంటాడు. భాషాచరిత్ర ప్రకారం నలుగురూ ఒకరే, కానీ నోటరీ దగ్గర అది చెల్లదు.

యాకయ్యల పరిస్థితి ఇంకోలా ఉంది. తాత పేరు నిలపాలి, పాత వాసన రాకూడదు అని మనవడికి మొదటి అక్షరం ఒక్కటే తీసుకుని యశ్వంత్ అనో యువాన్ అనో పెడుతున్నారు. అంతవరకు మిగిలిన ఆ ఒక్క 'క' కూడా పోయింది. నిలిచింది 'అతడు' అనే య మాత్రమే. అతడు ఎవరో, ఏ దర్గా మెట్ల మీద ఎవరు ఏ మొక్కు మొక్కితే పుట్టాడో ఆ ఇంటి ముసలమ్మకు ఇంకా తెలిసే ఉంటుంది. మీ ఇంట్లో యాకయ్యో యాకమ్మో ఉంటే ఈ పండక్కి వెళ్లినప్పుడు అడిగి రాసిపెట్టుకోండి.