పేరొకటి – మనుజులు పెక్కురు

మన పల్లెలలో తపాలా జవాను ఒక యుత్తరము చేతబట్టుకొని, "వెంకటేశ్వర్లుగారికి" అని విలాసము చదివినచో, అరుగుమీద కూర్చున్నవారు వెంటనే వేయు ప్రశ్న యొకటి కలదు: "ఏ వెంకటేశ్వర్లు?" మాస్టారుగారి అల్లుడా? పడమటి వీథిలో బట్టల కొట్టు వెంకటేశ్వర్లా? చెఱువుగట్టున కావల పెంకుటింటి వెంకటేశ్వర్లా? జవాబు తేలువఱకు ఉత్తరము చేయి మాఱదు. అక్షరము రానివారు సైతము తప్పక వేయు నీ ప్రశ్నను, గ్రంథములు తిరుగవేయువారు ఒక్కొక్కప్పుడు వేయ మఱచిపోవుదురు. అట్లు మఱచినందువలన ఒక మహాదేశపు తొలి పేటెంటు కీర్తి పెక్కు సంవత్సరములు వేఱొకని వాకిట నిలిచియుండెను. ఆ వృత్తాంతమును, దానివలన మనము నేర్వదగిన పాఠమును ఇచ్చట ముచ్చటించెదము.

పేటెంటు అనగా క్రొత్తదానిని కనుగొనిన వానికి రాజ్యము వ్రాసియిచ్చు హక్కుపత్రము. నిర్ణీతమైన గడువువఱకు ఆ పద్ధతిని ఆతని యనుమతి లేక ఇతరులు వాడుకొనరాదు. అమెరికా సంయుక్త రాష్ట్రములలో ఇందులకై మొదటి చట్టము 1790 ఏప్రిల్ 10వ తేదీన అమలులోనికి వచ్చెను. దరఖాస్తులను పరీక్షించు భారమును విదేశాంగ కార్యదర్శికి, యుద్ధ కార్యదర్శికి, అటార్నీ జనరలునకు అప్పగించిరి. ఆ సంవత్సరమే జూలై 31వ తేదీన, అప్పటి రాజధానియగు న్యూయార్కు నగరమున, తొలి పేటెంటు వెలువడెను. దానిపై అధ్యక్షుడు జార్జి వాషింగ్టను, విదేశాంగ కార్యదర్శి థామస్ జెఫర్సను, అటార్నీ జనరలు ఎడ్మండు రాండల్ఫు చేవ్రాళ్లు కలవు. హక్కు పొందినవాని పేరు సామ్యూల్ హాప్కిన్సు. కాలపరిమితి 14 సంవత్సరములు.

ఆతడు కనుగొనినదేమి? బూడిదనుండి పొటాషు తీయు మెఱుగైన పద్ధతి. బూడిదతో అంట్లు తోముటయు, బూడిదనీట బట్టలు నానవేయుటయు మన యిండ్లలో పెద్దలెఱిగిన సంగతులే. కట్టెల బూడిదను నీటిలో కలిపి, తేటను వంచి, ఇనుప కాగులలో ఇంకువఱకు కాచినచో అడుగున మిగులు క్షారమే పొటాషు. దానిని మఱల కాల్చి శుద్ధిచేసినచో మేలురకమగు తెల్లని పొడి వచ్చును. సబ్బునకు, గాజునకు, అద్దకమునకు అది లేనిదే ఆ కాలమున పని జరుగదు. బూడిదను నీటిలో కలుపుటకు ముందే కొలిమిలో మఱియొకసారి కాల్చవలెననుట హాప్కిన్సు యుక్తి.

పని తెలిసినది, తేదీ తెలిసినది, పేరు తెలిసినది. మనిషి యెవరు? ఆ కాలపు అమెరికాలో సామ్యూల్ హాప్కిన్సులకు కొదువ లేదు. రోడ్ ఐలండులోని న్యూపోర్టు పట్టణమున ఒక సామ్యూల్ హాప్కిన్సు కలడు. ఆతడు పేరొందిన మతాచార్యుడు. బానిసల వ్యాపారమును ధైర్యముగా ఖండించినవాడు. కెంటకీ సీమలో మఱియొక సామ్యూల్ హాప్కిన్సు కలడు. ఆతడు సేనాని, తరువాత శాసనసభ్యుడు. హాప్కిన్స్‌విల్ అను పట్టణము నేటికిని ఆతని పేరుననే యున్నది. వీరిరువురిని బూడిద కాగులతో ముడిపెట్టినవారు లేరు. కాని ఉత్తరమున వెర్మాంటు సీమలో, పిట్స్‌ఫోర్డు అను నూర, ఇంకొక సామ్యూల్ హాప్కిన్సు ఉండెను. చిక్కంతయు ఇచ్చటనే వచ్చినది.

వెర్మాంటు దట్టమైన అడవుల సీమ. పొలముకొఱకు చెట్లు కొట్టి కాల్చిన రైతునకు బూడిదయే తొలి పంట. పొటాషు రొక్కము తెచ్చు సరకు. పేరు కుదిరినది, సరకు కుదిరినది, కాలము కుదిరినది. ఇక కావలసినదేమి? తొలి పేటెంటు మావాడిదే యని పిట్స్‌ఫోర్డువారు తలంచిరి. గ్రంథములలోనికి ఆ మాట యెక్కెను. ఊర చరిత్ర ఫలకమును నిలిపిరి. ఒకరు వ్రాసినదానిని వేఱొకరు ఎత్తి వ్రాసిరి. పదిమంది వ్రాసిన మాటకు పది సాక్ష్యములున్నట్లు తోచును. కాని ఆ పదియు ఒక్కనోటి మాటయే.

మూలపత్రము మాత్రము మొదటినుండియు ఒక్క మాటయే చెప్పుచున్నది: హక్కు పొందినవాడు పెన్సిల్వేనియా రాష్ట్రములోని ఫిలడెల్ఫియా నగర వాస్తవ్యుడు. ఆ పత్రము నేడు చికాగో నగరములోని చరిత్ర ప్రదర్శనశాల యధీనమున నున్నది. ఇంకొక సంగతియు గమనింపదగినది. 1790 నాటికి వెర్మాంటు అమెరికా సంయుక్త రాష్ట్రములలో చేరనేలేదు. 1791 మార్చి 4వ తేదీన గదా అది పదునాలుగవ రాష్ట్రమైనది! డేవిడ్ మాక్సీ అను పరిశోధకుడు 1998లో పెన్సిల్వేనియా చరిత్ర పత్రికలో ప్రకటించిన దీర్ఘవ్యాసమున ఈ చిక్కు విడదీసెను. తొలి పేటెంటుదారు ఫిలడెల్ఫియాలో నివసించిన క్వేకరు మతస్థుడనియు, 1743లో జన్మించి 1818లో గతించెననియు ఆతడు నిరూపించెను. ఆ పొటాషు వ్యాపారము హాప్కిన్సునకు కలిసిరాలేదు. మాక్సీ తన వ్యాసమునకు "ఒక వైఫల్య చరిత్ర" యను నర్థమిచ్చు నుపశీర్షికను పెట్టినాడు. బ్రతుకున లాభము దక్కలేదు. గతించిన పిమ్మట కీర్తియు పొరుగువాని పాలాయెను. చరిత్రకారుని యజాగ్రత్త యెవరికిని హాని చేయదని తలంచువారికి ఇది చాలును.

ఆ రోజులలో మనిషిని గుర్తించుటకు గల సాధనములేవి? ఫిలడెల్ఫియాకు 1785లోనే రెండు నగర డైరెక్టరీలు వెలువడినవి. గృహస్థుని పేరు, వృత్తి, వీథి అందుండును. వానిలో మాక్‌ఫర్సను కూర్చినదానిలో ఒక వింత కలదు. పేరు చెప్పుటకు కొందఱు గృహస్థులు నిరాకరించిరి. ఆతడు వెనుదీయక, వారిచ్చిన జవాబునే పేరుగా నెంచి అక్షరక్రమమున ముద్రించెను. అందువలన "నేను చెప్పను" అనునది ఆ నగరమున ఒక గృహస్థుని పేరైనది! నవ్వు వచ్చు సంగతియే. కాని పేరు మనిషి సొత్తనియు, పట్టికలోనికి ఎక్కుట కందఱును ఇష్టపడరనియు తెలుపు తొలి సాక్ష్యములలో అదియు నొకటి. ఇక హాప్కిన్సు పేటెంటు వెలువడిన రెండు దినములకే, 1790 ఆగస్టు 2వ తేదీన, ఆ దేశపు మొదటి జనాభా లెక్క ఆరంభమాయెను. అందు కుటుంబ యజమాని పేరు మాత్రమే వ్రాసిరి. తక్కినవారు అంకెలుగా మిగిలిరి.

పేర్లమీదనే ఆధారపడినంతకాలము కార్యాలయములకును తిప్పలే. అమెరికా పేటెంట్లకు 1836 జూలైవఱకు క్రమసంఖ్యలు లేవు. పేరు, తేదీ, విషయము, ఇంతియే. ఆ జూలై 13వ తేదీన సంఖ్యలు మొదలైనవి. ఒకటవ సంఖ్య మెయిన్ రాష్ట్రపు సెనేటరగు జాన్ రగుల్స్‌నకు దక్కెను. అదే సంవత్సరము డిసెంబరు 15వ తేదీన పేటెంటు కార్యాలయము అగ్నికాహుతియై, సుమారు 10,000 పేటెంట్ల కాగితములు మసియైనవి. వానిలో మూడవవంతునకు లోపుగానే తిరిగి సమకూర్చగలిగిరి. తక్కినవానికి చాలవఱకు పేరు, తేదీ, శీర్షిక మాత్రమే గతి. పత్రము పోయి పేరు మాత్రము మిగిలినచోట ఊహ వచ్చి కూర్చుండును.

టెలిఫోను చరిత్రలోను ఈ కథయే మఱల జరిగినది. 1878 ఫిబ్రవరి 21వ తేదీన న్యూహేవెను పట్టణమున వెలువడిన మొదటి టెలిఫోను జాబితా ఒక్క కాగితము, అందు 50 పేర్లు, నంబర్లు లేవు. పేరు చెప్పినచో ఎక్స్‌ఛేంజిలోని యుద్యోగి తీగ కలుపును. మఱుసటి సంవత్సరము లోవెల్ పట్టణమున తట్టమ్మ వ్యాపించెను. పార్కరు అను వైద్యునకు ఒక సందేహము కలిగెను: ఉన్న నలుగురు ఆపరేటర్లును మంచమెక్కినచో ఎవరి తీగ యెచ్చటనున్నదో క్రొత్తవారికి తెలియునా? ప్రతి చందాదారునకును ఒక అంకె యిచ్చుట మేలని ఆతడు సూచించెను. టెలిఫోను నంబరు అట్లు పుట్టినది. పేర్లు మనుష్యుల జ్ఞాపకములోనివి. జ్ఞాపకము లేనిచోట అంకె కావలసివచ్చెను.

రేడియో గల యిండ్లవారికి మఱింత దగ్గఱి యుదాహరణము నిచ్చెదము. ఆకాశమున వచ్చు విద్యుత్తరంగము మన చెవికి అందదు. దానిని పసిగట్టి విద్యుత్ప్రవాహముగా మార్చు సాధనము కావలెను. పూర్వము దానిని డిటెక్టరనిరి. వేడిమిని, వెలుతురును, కదలికను పసిగట్టు అట్టి సాధనములను నేడు సెన్సర్లనుచున్నాము. గెలీనా అను సీసపు ఖనిజముతో అట్టి సాధనమును నిర్మించినవాడు మన జగదీశచంద్ర బోసు. ఆయనకు పేటెంట్లయందు ఆసక్తి లేదు. మిత్రుల ప్రోద్బలముచే 1901 సెప్టెంబరు 30వ తేదీన దరఖాస్తు పడెను. 1904 మార్చి 29వ తేదీన 755,840 సంఖ్యతో అమెరికా పేటెంటు వెలువడెను. సగము హక్కు సారా చాప్మన్ బుల్ అను వనితకు చెందునని అందు వ్రాసియున్నది.

ఆ పత్రమున ఆయన పేరు "జగదీస్ చుందర్" అని చదువదగిన ఇంగ్లీషు వర్ణక్రమమున నున్నది. నేటి వర్ణక్రమముతో వెదకువానికి అది చిక్కకపోవచ్చును. పోనీ, కేవలము "బోసు" అని వెదకినచో? బోసాన్ అను కణజాతి పేరునకు కారకుడైన సత్యేంద్రనాథ బోసు ఎదురగును. ఆయన ఈయన శిష్యుడే. ధ్వనిపెట్టెల నిర్మాణమున పేటెంట్లు పొందిన అమర్ బోసును ఎదురగును; ఆయన జన్మించినది 1929లో, మన హాప్కిన్సు నివసించిన ఫిలడెల్ఫియాలోనే. ఒక మనిషి రెండు పేర్లుగా చీలుట యొక తప్పు. ఇద్దఱు మనుష్యులు ఒక్కడుగా కలియుట యింకొక తప్పు. పట్టికలను చూచువారికి ఈ రెండు గోతులును దారికి రెండు ప్రక్కల నుండును.

తెలుగువారమగు మనకు మూడవ గోతియు కలదు. మనము ఇంటిపేరు ముందు వ్రాసికొందుము. పాశ్చాత్యులు చివర వ్రాసికొందురు. భీమవరమున జన్మించి అమెరికాలో కీర్తిగాంచిన యల్లాప్రగడ సుబ్బారావుగారి ఇంటిపేరు అచ్చటి శాస్త్రపత్రికలలో తఱచు ఒక్క పొడియక్షరమై మిగిలెను. సుబ్బారావు అను పేరే వంశనామముగా చెల్లెను. 1925లో ఫిస్కెతో కలిసి ఆయన ప్రకటించిన భాస్వరమును కొలుచు పద్ధతికి ఇరువురి పేర్లును నిలిచినవి గాని, అందులో యల్లాప్రగడ యనుమాట వినిపింపదు.

నేడు పేటెంట్ల పట్టికలను గణనయంత్రములు పరిశీలించుచున్నవి. సాధారణముగా పేటెంటు కాగితముపై కల్పకుని పేరు, ఊరు ఉండును. పుట్టిన తేదీ యుండదు. సహకల్పకులెవరు, సంస్థ యేది, శాస్త్రవిభాగమేది యని సరిచూచి, ఏ పత్రములు ఒక్కనివో యంత్రము లెక్కగట్టును. ఆ లెక్క సంభావ్యతయే గాని సాక్ష్యము కాదు. అందుచేతనే పరిశోధకులు 2012 నుండి ఆర్కిడ్ అను పదునాఱు స్థానముల సంఖ్యను తమంత తాముగా గైకొనుచున్నారు. ఇచ్చట అంకెను అంటగట్టువారు లేరు. "ఈ రచన నాది" అని చెప్పుకొను హక్కు మనిషి చేతనే యున్నది.

బహిరంగమైన విలాసముల పట్టికలో ఒక పేరు కనబడును. సెన్సరు పేటెంటుపై అదే పేరు కనబడును. రెంటిని కలిపి "ఇతడే అతడు" అనుట క్షణములో పని. కాని ఆ ముడి తప్పైనచో కష్టపడినవాని కీర్తి హరించును. ఏమియు నెఱుగని పొరుగువాని గుమ్మమున అనవసరపు తగవు నిలుచును. కావున మా మనవి యిది: పేరు అన్వేషణకు ఆరంభమే గాని అంతము కాదు. ఊరు, వృత్తి, కాలము, చేవ్రాలు - వీనిలో ఒకదానిపై నొకటి ఆధారపడని గుర్తులు రెండైనను కుదిరినగాని ఇద్దఱిని ఒక్కనిగా వ్రాయరాదు. కుదరనిచోట ఖాళీ వదలుట పండితునకు లజ్జాకరము కాదు. వెర్మాంటు రాష్ట్రమెప్పుడు పుట్టినదని పిట్స్‌ఫోర్డు కథను వ్రాసినవారిలో ఒక్కరు అడిగియున్నను హాప్కిన్సు కీర్తి ఆతని యింటనే యుండెడిది.

మన తపాలా జవాను ఉత్తరము నెవరికిని ఇచ్చుటకు ముందు అరుగుకడ నాగి, "ఏ వెంకటేశ్వర్లండీ?" అని అడుగును. చరిత్ర వ్రాయువారికి అంతకుమించిన గురువు అక్కఱలేదు.