ఆ ఆపరేషన్ ఎవరు చేశారు?

మన పాఠ్యపుస్తకాలలో విజ్ఞానశాస్త్ర చరిత్ర ఎప్పుడూ ఏకవచనంలోనే నడుస్తుంది. 'గుండె, ఊపిరితిత్తుల పని చేసే యంత్రం సాయంతో గుండెను తెరిచి 1953లో జాన్ గిబ్బన్ తొలి విజయవంతమైన ఆపరేషన్ చేశాడు' అని ఒక్క వాక్యం. అది అబద్ధం కాదు. కాని ఆ 'చేశాడు' వెనుక ఎందరి శ్రమ అణగిపోయిందో విచారించాలి.

గుండె లోపల కత్తి పెట్టాలంటే అందులోకి రక్తం రాకుండా ఆపాలి. ఆపితే కొద్ది నిమిషాలలోనే మెదడు చచ్చిపోతుంది. అందుకే రక్తానికి ప్రాణవాయువు అందించి దేహమంతా తిప్పే యంత్రం అవసరమైంది. 1930లలో పిల్లుల మీద సాగిన ప్రయోగాల నుంచీ గిబ్బన్‌తో సమానంగా శ్రమించింది ఆయన భార్య మేరీ. తర్వాత ఐ.బి.ఎం. ఇంజనీర్లు తోడయ్యారు. 1953 మే 6న ఫిలడెల్ఫియాలో 18 ఏళ్ల అమ్మాయి ప్రాణం 26 నిమిషాలపాటు పూర్తిగా ఆ యంత్రం మీదే నిలిచింది. ఆ వెంటనే చేసిన ఆపరేషన్లలో ఇద్దరు పసిపిల్లలు చనిపోయారు. గిబ్బన్ మనసు విరిగి ఆ పని విరమించాడు.

1954లో మిన్నెసోటాలో లిల్లిహై బృందం యంత్రానికి బదులు మనిషినే నిలిపింది. పక్కపక్కనే రెండు బల్లలు. ఒకదాని మీద బిడ్డ, రెండోదాని మీద చాలాసార్లు తల్లో తండ్రో. బిడ్డ రక్తం పెద్దవారి దేహంలో శుద్ధి అయి తిరిగివచ్చేది. అలా 45 మందికి చేస్తే 28 మంది ఇల్లు చేరారు. కత్తి పట్టకుండా పక్క బల్ల మీద పడుకున్న ఆ తండ్రి బృందంలో సభ్యుడు కాడా?

వీటికి పదేళ్ల ముందు, గుండెను ఇంకా తెరవని రోజుల కథ మరీ చేదైనది. 1944లో బాల్టిమోర్‌లో ఒళ్లు నీలమెక్కిన పసిపాప గుండె దగ్గరి నాళాలను బ్లాలాక్ కలిపి కుట్టాడు. ఆ కుట్టుపనిని కుక్కల మీద సాధించి, ఆనాడు ఆయన వెనకే నిలబడి సూచనలిచ్చినవాడు వివియన్ థామస్. వడ్రంగం తెలిసిన నల్లజాతి యువకుడు. డాక్టరు చదువుకు కూడబెట్టిన డబ్బు ఆర్థికమాంద్యంలో బ్యాంకుతోపాటే మునిగిపోయింది. ప్రయోగశాలలో చేరితే, జీతాల పట్టీలో ఊడ్చేవాళ్ల వరుసలో రాశారు. ఆపరేషన్‌కు బ్లాలాక్, టాసిగ్‌ల పేర్లు పెట్టారు. థామస్‌కు గౌరవ డాక్టరేటు 1976లో గాని దక్కలేదు.

గిబ్బన్‌నూ బ్లాలాక్‌నూ తక్కువ చేయమని కాదు. వ్యక్తి ప్రతిభ సత్యమే. ఆ ప్రతిభ నిలబడిన సమష్టి శ్రమ కూడా అంతే సత్యం. రచయితలం, సాహిత్య విద్యార్థులం, మనం క్రియాపదం దగ్గర ఒక్క క్షణం ఆగుదాం. 'చేశారు' అని రాద్దాం. ఆ 'రు' గౌరవానికి కాదు, బహువచనానికి.