మంచు మీద గంట

1822 ఏప్రిల్. ఆదివారం తెల్లవారుజాము. ఫిన్లాండ్ నడిమి అడవుల్లో, పెటాయవెసి సరస్సు ఒడ్డున నిలబడి ఉన్నారు మీరు.

గొర్రెతోలు కోటు లోపల, గుండెకు ఆనించి కట్టుకున్న గుడ్డలో మీ చెల్లెలి బిడ్డ. పుట్టి ఏడు రోజులు. ఎనిమిది రోజుల్లోపు బాప్తిస్మం ఇప్పించాలన్నది చర్చి చట్టం. బాలింత ఇంకా మంచం దిగలేదు. మోయాల్సింది మీరే.

చర్చి అవతలి ఒడ్డున ఉంది. వేసవిలో అయితే పడవ మీద పోతారు, చలికాలంలో మంచు మీద నడిచి పోతారు. అందుకే ఊరివాళ్లు రెండు సరస్సుల నడుమకు చొచ్చుకొచ్చిన ఆ నేల ముక్కను ఎంచుకున్నారు. ఇప్పుడు వేసవీ కాదు, చలికాలమూ కాదు. పడవ కదలదు. మంచు కరుగుతోంది. అడవి చుట్టూ తిరిగితే మోకాలి లోతు బురద. పొద్దు గూకినా చేరరు.

బిడ్డ కదిలింది. మీరు మంచు మీద అడుగు పెడతారు.

చేతిలో ఇనప మొన తొడిగిన కర్ర. ముందు కర్ర పోటు, తర్వాత అడుగు. గట్టిగా మోగితే నడవొచ్చు. మెత్తగా దిగితే పక్కకు జరగాలి. నీరు పీల్చి నల్లబడ్డ చోటు జోలికే పోకూడదు.

సగం దూరంలో పొగమంచు కమ్మేస్తుంది. ఒడ్డు లేదు. ఆకాశం లేదు. ఎటు?

గంట మోగింది. కుడివైపు నుంచి. చర్చికి నిరుడే కట్టిన గోపురంలోది అది. ఆ శబ్దాన్ని పట్టుకుని నడుస్తారు.

కర్ర దిగబడింది.

ఆగండి. రెండు సరస్సులు కలిసే ఇరుకు ఇది. అడుగున నీరు పారుతూనే ఉంటుంది. మంచును కిందనుంచి తినేస్తుంది.

టప్‌మని చీలిక. కాళ్ల మధ్యనుంచి.

పరుగెత్తొద్దు. వెల్లకిలా పడుకోండి. బరువు పరచండి. బిడ్డ పైన. మీరు కింద. మడమలతో తోయండి. ఇంకోసారి. వీపు తడిసింది. గంట. తోయండి. గంట.

తలకు నేల తగిలింది.

గోపురం కింద నుంచి లోపలికి వెళతారు. పొయ్యి లేదు. మీ ఊపిరి తెల్లగా కనిపిస్తోంది. రంగు పూయని పైన్ దుంగల గోడలు. గొడ్డలి చెక్కిన గుర్తుల మీద మీ వేళ్లు ఆనతాయి. నాలుగు దిక్కులా సమానమైన శిలువ ఆకారం. పైన చెక్క కమానులు. నట్టనడుమ, తల ఎత్తితే, ఎనిమిది పలకల గుమ్మటం.

రాతితో కట్టే ఈ కప్పును కర్రతో ఎవరు కట్టారు? యాకో లెప్పనెన్ అనే వడ్రంగి. 1763లో మొదలుపెట్టి 1765కి పూర్తిచేశాడు. దూరపు నగరాల రాతి చర్చిల రూపాన్ని తన చేతికి తెలిసిన కర్రలో మలిచాడు. మిమ్మల్ని ఒడ్డు చేర్చిన గోపురం అతని మనవడు ఎర్కి పని. ‘పెటాయ’ అంటే పైన్ చెట్టు, ‘వెసి’ అంటే నీరు. చర్చి ఆ చెట్టుతో కట్టింది. మీరు దాటివచ్చింది ఆ నీటినే.

ఈ బిడ్డకు 57 ఏళ్లు వచ్చేనాటికి, 1879లో, ఊరు కొత్త చర్చి కట్టుకుంటుంది. దీన్ని మాత్రం కూల్చదు. చుట్టూ తమవాళ్ల సమాధులు. వాళ్లను సాగనంపడానికి ఈ గంటే కావాలి. అలా నిలబడిన కర్ర గోడలు 1994లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాకెక్కుతాయి.

మళ్లీ ఆ ఆదివారానికి వస్తే, అప్పుడు చూస్తారు. పాస్టరు ప్రసంగించే పుల్‌పిట్‌ను మోస్తూ ఒక చెక్క మనిషి. క్రిస్టఫర్. పసివాడైన క్రీస్తును భుజాన ఎత్తుకుని ఏరు దాటించాడని చెప్పుకునే మనిషి.

పాస్టరు గారు చేతులు చాస్తారు. మీరు ముడి విప్పి బిడ్డను అందిస్తారు. మీ చేతులు మాత్రం ఇంకా ఆ బరువును పొదువుకున్నట్టే వంగి ఉంటాయి.