అరాక్నీ నేసిన వస్త్రం

ఎవరూ నేయని వొక వస్త్రాన్ని గురించి యీ వ్యాసం రాస్తున్నాను. దానిని తాకిన చెయ్యి లేదు, చూసిన కన్ను లేదు. రోమను కవి ఓవిడ్ క్రీ.శ. 8 నాటికి ముగించిన ‘రూపాంతరాలు’ అనే కావ్యంలో, పదిహేను సర్గలలో ఆరవదాని మొదట్లో, అది కొన్ని పాదాలలో మాత్రమే వుంది. లేని గుడ్డకు చరిత్ర యేమిటని కొందరు అడగవచ్చు. కల్పనకూ చరిత్ర వుంటుంది. కల్పించినవాడు వొకానొక కాలంలో, వొకానొక ప్రభుత్వం కింద బతికినవాడే గదా!

కథ చాలామందికి తెలిసిందే. లిడియా దేశంలో అరాక్నీ అనే పిల్ల నేతలో అసమానురాలు. ఆ విద్య నీకు మినర్వా దేవి నేర్పిందా అంటే కాదంది. దేవత ముసలిదాని వేషంలో వచ్చి, క్షమాపణ వేడుకొమ్మని హితవు చెప్పింది. పిల్ల లొంగలేదు. ఇద్దరికీ పోటీ జరిగింది. చివరకు అరాక్నీ సాలెపురుగు అయిపోయింది. గర్వభంగానికి దృష్టాంతంగా యీ కథను బడిపిల్లలకు చెపుతూ వచ్చారు. కావ్యంలో వున్నది మాత్రం యీ నీతికి యెదురు తిరుగుతుంది.

మొదట అరాక్నీ యెవరో చూడండి. ఆమెకు కీర్తి వచ్చింది పుట్టుక వల్ల కాదు, వూరివల్ల కాదు, పనివల్లనే అని కవి స్పష్టంగా చెప్పాడు. తండ్రి కొలోఫాన్ వాడు, ఉన్నికి ధూమ్రవర్ణపు అద్దకం వేసి బతికేవాడు. తల్లి కూడా సామాన్యుల యింటి ఆడదే. ఆ రంగు సముద్రపు నత్తలనుంచి తీసేవారు. 1909లో ఫ్రీడ్‌లాండర్ అనే రసాయన శాస్త్రజ్ఞుడు పన్నెండువేల నత్తలనుంచి తీయగలిగింది గ్రాము నర కంటె తక్కువ రంగు. ఆ రంగు ప్రభువుల వొంటిమీదికి పోయింది; ఆ కంపు అద్దకంవాడి చేతులకు మిగిలింది. అరాక్నీ అటువంటి యింటి పిల్ల.

నేను నేతపనివారి యింట పుట్టాను. నిద్రలేచేసరికి వినిపించేది మగ్గం చప్పుడే. ఓవిడ్ పోటీని వర్ణించే చోటు మొదటిసారి చదివినప్పుడు ఆశ్చర్యపోయాను. పడుగును దూలానికి కట్టడం, రెల్లుతో పోగులను విడదీయడం, పేకను నాడెతో దూర్చడం, దువ్వెన పళ్ళతో బిగించడం, బట్ట యెగ్గట్టుకుని రెండు చేతులూ ఆడించడం, అన్నీ వరుసగా చెప్పాడు. వాళ్ళ నిలువుమగ్గం వేరు, మా గుంటమగ్గం వేరు. పని క్రమం వొకటే. అరాక్నీ నేసిన గుడ్డను చూడటానికే కాక, నేస్తూ వుండగా చూడటానికి కూడా చుట్టుపక్కల వనకన్యలు వచ్చేవారని అతనే అన్నాడు. ప్రాచీన కావ్యాలలో శ్రమను యింత దగ్గరగా చూసినచోట్లు యెక్కువ లేవు.

ఇక రెండు వస్త్రాలు. మినర్వా వస్త్రంలో నడుమ జూపిటర్, చుట్టూ ఉన్నతాసనాలమీద పన్నెండుగురు దేవతలు. వారి గాంభీర్యాన్ని చెప్పటానికి కవి వాడిన విశేషణం ఆగస్టస్ చక్రవర్తి బిరుదు పదమే. నాలుగు మూలలా నాలుగు చిన్న బొమ్మలు: దేవతలను ధిక్కరించి కొండలుగా, పక్షులుగా, గుడిమెట్లుగా మారిపోయిన మనుషులు. అంచున ఆలివ్ రెమ్మలు. అది రాజాస్థానపు కళ. అంతా కొలత ప్రకారం వుంది, ప్రతి మూలనా బెదిరింపు వుంది.

అరాక్నీ వస్త్రానికి నడుమ అంటూ లేదు. ఎద్దురూపంలో వచ్చిన జూపిటర్ యెత్తుకుపోతున్న యూరోపా వెనక్కు తిరిగి వొడ్డున వున్న చెలికత్తెలను పిలుస్తున్నది. నీళ్ళు తగులుతాయని కాళ్ళు ముడుచుకుంటున్నది. హంసగా, బంగారువానగా, మంటగా, పాముగా వచ్చి జూపిటర్ ఆడవాళ్ళను చెరచిన కథలే తొమ్మిది. ఆ తరువాత నెప్ట్యూన్, అపోలో, బాకస్, సాటర్న్. వీటికి కవి వాడిన మాట ‘నేరాలు’ అనే అర్థాన్ని యిస్తుంది. అంటే అది అలంకారంకోసం నేసిన గుడ్డ కాదు, వాఙ్మూలం.

తీర్పు యేమిటి? ఆ పనిలో దేవతకే కాదు, అసూయకు కూడా తప్పు దొరకలేదని కవి చెప్పాడు. తప్పు దొరకలేదు గనుకనే దేవత గుడ్డను చించింది. చేతిలోని నాడెతో పిల్లను నుదుటిమీద పదేపదే కొట్టింది. పనిముట్టు ఆయుధమయింది. అవమానం భరించలేక అరాక్నీ వురిపోసుకుంటే, జాలి అనే పేరుతో ఆమెను పురుగుగా మార్చింది. అరాక్నీ వోడిపోలేదు, శిక్షపడింది. ఈ రెంటికీ భేదం చూడని విమర్శ యేలినవారి విమర్శ.

ఆ కాలాన్ని గుర్తుచేసుకుంటే యిది యింకా స్పష్టపడుతుంది. భార్య, అక్క, కూతురు, మనమరాళ్ళు యింట్లో నేసిన బట్టలే ఆగస్టస్ కట్టేవాడని సుయెటోనియస్ రాశాడు. నేతను స్త్రీల అణకువకు చిహ్నంగా చూపిన పరిపాలన అది. ఓవిడ్ కథలో నేత నోరు విప్పింది. క్రీ.శ. 8లోనే ఆగస్టస్ అతనిని నల్లసముద్రపు వొడ్డున వున్న టోమిస్‌కు పంపివేశాడు. ఒక కావ్యమూ వొక పొరపాటూ కారణమని కవే చెప్పుకున్నాడు. ఆ కావ్యం యిది కాదు, అంతకుముందు రాసిన ‘ప్రేమకళ’. అయినా చించబడిన గుడ్డ కథ రాసినవాడికి తన గతి ముందే కొంత తెలిసినట్టు నాకనిపిస్తుంది.

సుమారు 1655–60 మధ్య స్పెయిన్‌లో వెలాస్క్వెజ్ వేసిన ‘వడికేవారు’ చిత్రం ప్రస్తుతం మాద్రిద్‌లోని ప్రాదో మ్యూజియంలో వుంది. ముందు నీడలో అయిదుగురు పనివాళ్ళు. ఆకులు కనిపించనంత వేగంగా తిరుగుతున్న రాట్నం. వెనుక వెలుతురులో టిషియన్ యూరోపా చిత్రాన్ని పోలిన తెర. అది నేతశాల దృశ్యమని చాలాకాలం అనుకున్నారు. 1664 నాటి ఆస్తి జాబితాలో ‘అరాక్నీ కథ’ అనే పేరున్నదని 1948లో వెల్లడయింది. పాతవారి పొరపాటు కూడా పూర్తిగా పొరపాటు కాదంటాను. ఆ కథకూ పనివాళ్ళకూ మధ్య గోడ లేదు.

అరాక్నీలో లోపం లేదా? వుంది. ఆమె దేవతను కాదన్నది, బాగానే వుంది. కాని తనతో ఉన్ని దువ్వినవారినీ, వడికినవారినీ కూడా తలచలేదు. ఒంటరిగా నిలిచింది, ఒంటరిగా వురి వేసుకుంది. మా నాన్న నేసిన చీరకు వొకసారి ప్రదర్శనలో బహుమతి వచ్చింది. పత్రంమీద వున్నది దుకాణం పేరు. నాన్న మాట్లాడలేదు. కండెలు చుట్టిన అమ్మ పేరు కూడా లేదని నాకూ ఆనాడు తోచలేదు.

మన ధూర్జటి పదహారవ శతాబ్దంలో చెప్పిన కాళహస్తి సాలెపురుగు దారంతో శివుడికి గోపురాలు కట్టింది. దేవుడు పరీక్షకోసం దీపపుమంటతో వాటిని కాల్చాడు. అది మంటను మింగబోయింది, మోక్షం దొరికింది. అక్కడా పని ధ్వంసమయింది. భక్తికి బహుమానం వచ్చింది గాని కాలిన గూడు తిరిగి రాలేదు.

అయితే మన భాష వొక న్యాయం చేసింది. గ్రీకు కథలో నేతగత్తె పురుగుగా దిగజారింది. తెలుగులో సాలె అంటే నేతగాడు; పురుగు నేయడం చూసి మనవాళ్ళు దానికి నేతగాడి పేరిచ్చారు. శాపం లేదు, దేవత లేదు. పనిని పనిగా గుర్తించిన కళ్ళు మాత్రమే వున్నాయి. గుడ్డమీద నేసినవాని పేరు వుండాలని అడగటానికి యింతకంటె పాత ఆధారం మనకు అక్కర లేదు.